చావు ప్లేటు

మొన్న బుధవారం మధ్యాహ్నం కోర్టు వరండాలో ఒక తీర్పుకి నకలు రాస్తున్నాను. కాగితం మీద నీడ పడింది. తలెత్తితే లారీల మేస్త్రీ బావమరిది. అతన్ని చూసి రెండేళ్ళయింది. చెప్పుల్లేని కాళ్ళ నిండా దుమ్ము, భుజాన నలిగిన తువ్వాలు.

"మా బావ పోయాడండీ," అన్నాడు. "రేపు సాయంత్రం మట్టి. గురజాల అవతల మా పల్లెలోనే. మీరు రావాలి."

అయ్యో అన్నాను. ఎట్లా జరిగిందని అడిగాను. గుండె అన్నాడు. రేపు కోర్టులో రెండు పెద్ద కేసులు వాయిదాకి ఉన్నాయనీ, సెలవు దొరకటం కష్టమనీ గొణిగాను. అతను నా మాటలన్నీ అయ్యేదాకా ఆగాడు.

"పలకరింపుకి కాదండీ. మీతో పనుంది."

"నాతో ఏం పని?"

"వస్తే మీకే తెలుసుద్ది."

అంతే, మెట్లు దిగి వెళ్ళిపోయాడు. కోపంగా అని ఉంటే బాగుండేది. ఏదో లెంపకాయతో పోయే వ్యవహారం అనుకునేవాణ్ణి. అతను అన్న తీరు కోర్టు బంట్రోతు సమను ఇచ్చినట్టు ఉంది. నా చేతిలో కలం జారి నకలు మీద సిరా పడింది. ఆ పేజీ మళ్ళీ మొదటినించీ రాశాను.

మేస్త్రీ పేరు ఇక్కడ రాయను. ఒకసారి ఆయన పేరు అచ్చులో వేసి చేసిన నిర్వాకం చాలు. బతికి ఉన్నన్నాళ్ళూ "నువ్వు" అన్నాను, ఆయన నన్ను "గుమస్తా గారూ, మీరు" అన్నాడు. ఇప్పుడు "ఆయన" అని రాస్తుంటే నా చెవికే దొంగమర్యాదలా ఉంది. అయినా అలాగే రాస్తాను.

నరసరావుపేటలో వినుకొండ రోడ్డు పక్కన ఆయనకొక రేకుల షెడ్డు ఉండేది. లారీలు బాగుచేసేవాడు. మనిషి సన్నం, చేతులు మాత్రం పెద్దవి. ఎప్పుడూ చొక్కా జేబులో ఒక జానెడు స్క్రూడ్రైవరు ఉండేది. లారీ వచ్చి ఆగగానే డ్రైవరు గోడు వెళ్ళబోసుకోవటం మొదలుపెడితే చెయ్యి అడ్డం పెట్టేవాడు. "నువ్వాగు, దాన్ని చెప్పనీ." బానెట్ ఎత్తి, స్క్రూడ్రైవరు మొన ఇంజను మీద ఆనించి, పిడి చెవికి పెట్టుకుని కళ్ళు మూసుకునేవాడు. చుట్టూ ఉన్నవాళ్ళు ఊపిరి బిగబట్టేవాళ్ళు. బండి చెడిపోయిందని ఎవరన్నా అంటే ఒప్పుకునేవాడు కాదు. "చెడిపోలా. ఏందో చెబతంది" అనేవాడు.

ఒక్కోసారి మాత్రం చెవి తీసి, స్క్రూడ్రైవరు మొన తుడుచుకుని, "ఇది పోద్ది" అనేవాడు. ఎప్పుడని ఎవరూ అడిగేవాళ్ళు కాదు, ఆయనే చెప్పేవాడు. ఇంకో రెండు ట్రిప్పులనో, మాచర్ల దాకా పోయి తిరిగిరాదనో. నేనెరిగి ఆ మాట తప్పిపోలేదు. డ్రైవర్లు ఆ రెండు ముక్కలకీ వణికేవాళ్ళు. నేను ఒకసారి వేళాకోళంగా, "మనుషులకి కూడా చెబుతావా మేస్త్రీ?" అని అడిగితే నా వంక చూసి నవ్వాడు. "వినపడితే చెప్పాల, వినపడకపోతే ఊరుకోవాల" అన్నాడు. ఆ మాట ఆయన నోట దినానికి పదిసార్లు వచ్చేది. నాకోసమే అన్నాడని ఆ రోజుల్లో అనుకోలేదు.

సాయంత్రాలు పని కట్టేశాక షెడ్డులో ఇంకో వ్యవహారం నడిచేది. నడికుడిలో పనిచేసిన ఒక రైల్వే గార్డు దేశం వదిలి వెళ్ళిపోతూ తన గిటారు మేస్త్రీకి ఇచ్చి వెళ్ళాడు. దానికి మేస్త్రీ పాత రేడియో విప్పి, కరెంటు తీగలు తగిలించి, లారీ అంత చప్పుడు వచ్చేట్టు చేశాడు. తీగలు లారీ హారను శ్రుతికి బిగించేవాడు. బావమరిది డప్పు, ఒక డ్రైవరు బుల్‌బుల్ వాయిద్యం. ముగ్గురూ కలిసి రేకులు అదిరిపోయేట్టు వాయించేవాళ్ళు. చర్చి పాటలూ కాదు, సినిమా పాటలూ కాదు. ఊళ్ళో వాళ్ళని షెడ్డు పార్టీ అనేవారు. పెళ్ళిళ్ళకు పిలవటం మొదలుపెట్టారు. కోర్టు నించి ఇంటికి వెళ్ళేటప్పుడు నేను అటు పక్కగా నడిచేవాణ్ణి కానీ లోపలికి వెళ్ళేవాణ్ణి కాదు. క్లీనర్ల మధ్య నిలబడి చప్పుడు వినటం నా హోదాకి తక్కువనుకునేవాణ్ణి.

నా హోదా ఏమిటంటే, గుంటూరు నించి వచ్చే ఒక పక్షపత్రికలో సంగీతం మీద నాలుగు ముక్కలు రాసేవాణ్ణి. ఒక మారుపేరు ఉండేది. పేటలో ఆ పేరు ఎవరిదో తెలియనివాడు లేడు, తెలియకుండా నేనూ ఊరుకోలేదు.

అరవైల మధ్యలో షెడ్డు పార్టీ ఏం చేసిందో ఏమో, మద్రాసు వెళ్ళి ఒక చిన్న గ్రామఫోను ప్లేటు చేయించుకుని వచ్చింది. ఒక వైపు పాట, వెనక వైపు వట్టి వాయింపు. పాట మూడు నాలుగు వాక్యాలే. నల్లరేగడిలో దిగబడ్డ బండిని "కదలవే, కదలవే, కొండ దాకా కదలవే" అని బతిమాలటం. కోటప్పకొండ తిరునాళ్ళకు ఎడ్లబండి మీద ఎత్తయిన ప్రభ కట్టుకుని పోతుంటే చక్రం బురదలో కూరుకుపోతుందే, అప్పుడు ఎడ్లను లేపటానికి డప్పు మీద ఒక దరువు వేస్తారు. మేస్త్రీ తాతముత్తాతలు ఆ దరువు వేసినవాళ్ళు. వీళ్ళు క్రైస్తవం పుచ్చుకున్నా ఆ దరువు మాత్రం చేతుల్లోనే ఉండిపోయింది. దాన్ని గిటారుకి కట్టాడు. ఇదంతా నాకు తర్వాత తెలిసిన సంగతి. ముందే తెలుసుకోవచ్చు. షెడ్డు నా ఇంటికి నాలుగు వందల అడుగుల దూరం.

మేస్త్రీ ప్లేటు తెచ్చి వరండాలో నా బల్ల మీద పెట్టాడు. మసి చేతులని పాత పేపరు మధ్య పెట్టి పట్టుకొచ్చాడు.

"విని రాయండి గుమస్తా గారూ. తిట్టినా ఫర్వాలేదు. విని రాయండి."

నాకు ప్లేట్లు తిప్పే పెట్టె లేదు. ఒక ప్లీడరు గారింట్లో ఉండేది. ఆయన కచేరీల పెద్ద ప్లేట్లే వినేవారు. ఆయన లేనప్పుడు ఆదివారం పూట వెళ్ళి, తలుపు దగ్గరగా వేసుకుని, ప్లేటు పెట్టి విన్నాను.

ఏం చెప్పను, ఒళ్ళు జలదరించింది. డప్పు మీద దెబ్బకీ దెబ్బకీ మధ్య ఎంత దూరం! గొంతు బావిలోనించి వస్తోంది. "క...ద...ల...వే" అని ఎవరో భూమి అడుగునించి చెయ్యి చాచి పిలుస్తున్నట్టుంది. బయట ఎండ కాస్తోంది, నేను లేచి కిటికీ తలుపు మూశాను. మసి కొట్టుకుపోయిన ఆ మనిషిలో ఇంత లోతు ఉందా అని కళ్ళ నీళ్ళు తిరిగాయి. ఆ ఆదివారం నేను నిజంగానే కదిలిపోయాను. అందులో మాత్రం అబద్ధం లేదు.

అదే ఊపులో ఇంటికి వచ్చి రాశాను. ఇది వినోదం కోసం పుట్టిన పాట కాదనీ, మృత్యుగీతమనీ రాశాను. డప్పు మీద మోగేది చావు దరువు అని రాశాను. చావు దరువు నేను జన్మలో వినలేదు. శవం పోతుంటే మా ఇంట్లో తలుపులు వేసేవారు. కొండ అంటే పరలోకం అన్నాను. చివర్న, "ఈ ప్లేటు మోగిన ఇంట మృత్యువు గడప దాకా వచ్చి నిలబడుతుంది" అని ముగించి, ఆ వాక్యాన్ని నాలుగుసార్లు చదువుకుని మురిసిపోయాను. అదంతా పొగడ్తే. నా జీవితంలో అంత గొప్పగా ఎవరినీ పొగడలేదు.

పత్రిక వచ్చిన రోజు మధ్యాహ్నమే మేస్త్రీ వచ్చాడు. బుల్‌బుల్ డ్రైవరు చేత చదివించుకున్నాడట. కోపం లేదు. వేరే ఊరి మెకానిక్కు విప్పి పారేసిన బండిని చూసినట్టు ఆ పేజీని అటూ ఇటూ తిప్పుతున్నాడు.

"ఇందులో ఈడ్చే గొంతు అన్నారు. నా గొంతు ఈడ్చదే. చావు దరువు అన్నారు. అది ప్రభ దరువండీ. ఏందో తేడాగా ఉంది." తల ఒక పక్కకి వంచి కాసేపు కళ్ళు మూసుకున్నాడు. తెరిచి అడిగాడు. "ప్లీడరు గారి పెట్టెలో విన్నారా?"

"అవును."

"స్పీడు మీట యాడుంది?"

నాకు అర్థం కాలేదు. ఆయన ఓపికగా చెప్పాడు. పెద్ద ప్లేట్లు ముప్ఫై మూడు మీద తిరుగుతాయి, చిన్న ప్లేటు నలభై ఐదు మీద తిరగాలి. దానికొక మీట ఉంటుంది. అది మార్చకపోతే దరువు నత్తనడక నడుస్తుంది, గొంతు ఈడుస్తుంది. ప్లీడరు గారు పెద్దవే వింటారు కాబట్టి మీట అక్కడే ఉండిపోయి ఉంటుంది.

"అంతేనండీ. మీ తప్పేం లేదు. చానా చిన్న రిపేరు," అని నవ్వాడు. నా బల్ల మీద రెండు వేళ్ళతో వాయించి చూపించాడు. బల్ల మీద సిరాబుడ్డి ఎగిరెగిరి పడింది. పక్క గుమాస్తా కాలు తనకు తెలియకుండానే ఆడింది. "ఇదీ అసలు స్పీడు. వచ్చే పత్రికలో ఒక్క ముక్క రాయండి. అది చావు దరువు కాదని. మా వాళ్ళు డ్రైవర్లు, చావు అనే మాటంటే చానా పట్టింపు. నా షెడ్డు బతికేది వాళ్ళ మీద. ఒక్క ముక్క చాలు."

నాకు ఆ క్షణంలోనే తెలిసిపోయింది, ఆయన చెప్పింది నిజమని. ఆ మీట ఎక్కడ ఉందో కూడా కళ్ళకు కట్టింది. వరండాలో పదిమంది చూస్తున్నారు. అందులో ఇద్దరు జూనియర్ ప్లీడర్లు పొద్దున్నే నా వ్యాసం బ్రహ్మాండంగా ఉందని చెయ్యి కలిపి వెళ్ళినవాళ్ళు.

"సరైన స్పీడులోనే విన్నాను మేస్త్రీ," అన్నాను.

ఆయన ఇంజను ముందు నిలబడ్డట్టు తల వంచి, నా ముఖం మీద కాదు, నా చొక్కా గుండీల మీద చూపు పెట్టి నిలబడ్డాడు. ఆయన వింటున్నాడని నాకు తెలుసు.

"సరేనండీ," అన్నాడు.

ఆ తర్వాతయినా నోరు మూసుకుని కూర్చున్నానా అంటే, లేదు. పై పక్షం మళ్ళీ రాశాను. అది చావు దరువు కాదని కళాకారుడే అంటున్నాడనీ, తన చేత ఎవరు వాయింపించారో పాపం అతనికే తెలియదనీ, మృత్యువు పని అలాగే ఉంటుందనీ రాశాను. ఒక్క ముక్క అడిగినవాడికి అర పేజీ ఇచ్చాను. రాస్తున్నప్పుడు చెయ్యి ఒక్కసారి కూడా తడబడలేదు. అది తలుచుకుంటే నామీద నాకే అసహ్యం వేస్తుంది.

పేటలో ఆ పత్రిక కొనేవాళ్ళు కొద్దిమందే. మంగలి షాపులోనూ కాఫీ హోటల్లోనూ గట్టిగా చదివేవాళ్ళు మాత్రం ఉన్నారు. అంతకు ముందు పది రోజులు కాఫీ హోటల్లో ఆ ప్లేటు వేస్తే క్లీనర్లు ఈలలు వేసేవారు. రెండో వ్యాసం వచ్చాక హోటలు ఓనరు ప్లేటు తీసి బల్ల కింద పెట్టాడు. ఆ నెలలోనే గురజాలలో ఒక పెళ్ళి పందిట్లో మైకుసెట్టువాడు తెలియక అదే పాట వేశాడు. పెళ్ళికూతురి తాత కుర్చీలోనే తల వాల్చేశాడు. ఆరు నెలలనించీ మంచంలో ఉన్న మనిషి, ముచ్చటపడి మోయించుకొచ్చారు. అదెవరికి కావాలి? అప్పటినించి దాని పేరు చావు ప్లేటు.

తర్వాత బొల్లాపల్లి దారిలో ఒక లారీ వాగులో పడింది. బ్రేకులు పోయాయి. మేస్త్రీ ఆ బండికి చూసింది డైనమో. డ్రైవరు కాలు విరిగి ఆస్పత్రిలో పడుకుని, "ఆడి చెయ్యి పడ్డాకే" అన్నాడు. ఇక లారీలు షెడ్డు దగ్గరికి వచ్చేసరికి రోడ్డుకి అవతలి అంచుకి జరిగి పోవటం నేను నా కళ్ళతో చూశాను. ఒక క్లీనరు కిందకి దిగి షెడ్డు ముందు నిమ్మకాయ తొక్కించటం కూడా చూశాను. పెళ్ళిళ్ళు ఎటూ పోయాయి. "ఇది పోద్ది" అని ఆయన ఇంజన్ల మీద చెప్పే మాట కూడా తిరగబడింది. వింటాడని కాదు, పోగొడతాడని చెప్పుకోసాగారు. నేను సాయంత్రాలు ఇంటికి వేరే వీధిన వెళ్ళటం మొదలుపెట్టాను.

రాయొచ్చు కదా అని మీరు అడుగుతారు. ఒక్క ముక్క, ఒక్క కార్డు. రేపు, పై పక్షం, పండగ వెళ్ళాక అనుకున్నాను. కోర్టులో పనిచేసేవాడికి వాయిదా వెయ్యటం ఒకరు నేర్పాలా? ఇంతలో పత్రికే మూతపడింది. నిజం చెప్పాలంటే ఆ రోజు తేలిగ్గా ఊపిరి పీల్చుకున్నాను.

షెడ్డు రేకులు విప్పేసిన రోజు మేస్త్రీ వరండాలోకి వచ్చాడు. మాచర్ల అవతల డ్యాం దగ్గర లారీలు బోలెడున్నాయనీ, అక్కడ తననెవరూ ఎరగరనీ చెప్పాడు. పాత పేపరులో చుట్టిన ప్లేటు నా బల్ల మీద పెట్టాడు.

"మీ దగ్గరుంచండి. ఎప్పుడన్నా నలభై ఐదు మీద వినండి."

వెళ్ళిపోయాడు. ప్లేటుని బట్టల పెట్టె అడుగున పెట్టాను. రెండేళ్ళు దాని జోలికి పోలేదు.

గురువారం సెలవు పెట్టి గురజాల బస్సెక్కాను. పోకపోతే? అతను మళ్ళీ వస్తాడు, అదే గొంతుతో పిలుస్తాడు. దానికన్నా తన్నులు నయం అనిపించింది. బస్సు దిగి మిరపచేల మధ్య మైలున్నర నడిచాను. పల్లె మొదట్లో నలుగురు మగాళ్ళు నాకోసమే నిలబడి ఉన్నారు. ఎవరూ పలకరించలేదు. ఇద్దరు ముందు, ఇద్దరు వెనక నడిచారు.

సమాధుల దిబ్బ మీద గుంట తీసి ఉంది. గుంటకి పది అడుగుల దూరంలో ఒక నులకమంచం వేసి ఉంది. మిగతా జనమంతా నిలబడి ఉన్నారు. మంచం నాకట. కూర్చున్నాను. ఎదురుగా శవపెట్టె, దాని పక్కన మేస్త్రీ భార్య. ఆమె ఒకసారి నన్ను చూసి చూపు తిప్పుకుంది. పాస్టరు గారు ప్రార్థన చేస్తున్నంతసేపూ నా వెనక ఎవరో ఎండు తాటాకులు విరిచి పోగేస్తున్న చప్పుడు. వెనక్కి తిరిగి చూసే ధైర్యం లేదు. ఆమెన్ అన్నాక మంట లేచిన వేడి వీపుకి తగిలింది.

బావమరిది నా పక్కనించి ముందుకు వచ్చాడు. చేతిలో డప్పు. మంట మీద కాచి, వేలితో మీటి చూసుకుంటున్నాడు.

"డప్పెందుకు నాయనా, ప్రార్థన అయిందిగా," అన్నారు పాస్టరు గారు.

"ప్రార్థన మీదండీ. ఇది మా బావ చెప్పిన పని."

అప్పుడు నా వైపు తిరిగాడు. ఆఖరి వారం మేస్త్రీ స్క్రూడ్రైవరు మొన తన గుండె మీద పెట్టుకుని, పిడి ఇతని చెవికి ఆనించాడట. "వినపడిందా? ఒక దెబ్బ తప్పతంది. ఇది పోద్ది," అన్నాడట. తర్వాత నా సంగతి చెప్పాడట.

"గుమస్తా గారు చావు దరువు ఎప్పుడూ విని ఉండడురా, అందుకే పొరబడ్డాడు. నేను పోయిన్నాడు పిలిపించి వినిపించు, అన్నాడండీ. బతికున్నప్పుడు ఊరికే వాయించగూడదు గదా. ఇయ్యాలైతే వాయించొచ్చు." డప్పు గుండెకి ఆనించుకున్నాడు. "వినండి."

రెండు దెబ్బలు. ఖాళీ. రెండు దెబ్బలు. ఖాళీ. ఆ ఖాళీలో నలుగురు పెట్టె ఎత్తారు, నాలుగు అడుగులు వేశారు. మళ్ళీ రెండు దెబ్బలు. ప్లీడరు గారింట్లో నేను విన్నదానికీ దీనికీ ఏ పోలికా లేదు. ముప్ఫై మూడు మీదా లేదు, ఏ స్పీడులోనూ లేదు. ఇది వింటే ఏ చెవిటివాడూ పొరబడడు. పెట్టె గుంటలోకి దిగేదాకా వాయించాడు. నేను మంచం మీద కూర్చోలేకపోయాను, లేచి నిలబడ్డాను. ఏడ్చాను. నన్నెవరూ ఓదార్చలేదు, ఓదార్చనవసరం లేదు.

"ఇదండీ చావు దరువు. విన్నారా?"

"విన్నాను."

"ఇంక మీరు పోవచ్చు," అన్నాడు.

నిన్న ఆదివారం. బట్టల పెట్టె అడుగునించి ప్లేటు తీసి ప్లీడరు గారింటికి వెళ్ళాను. మీట ముప్ఫై మూడు మీదే ఉంది. నలభై ఐదుకి తోశాను. డప్పు అందుకుంది, గిటారు హారను కొట్టింది, మేస్త్రీ గొంతు నవ్వుతూ వచ్చింది. వంటింట్లోనించి ప్లీడరు గారి మనవరాలు పరుగెత్తుకొచ్చి గిరగిరా తిరిగింది. "మళ్ళీ వెయ్యి తాతా," అంది నాతో. మళ్ళీ వేశాను. మూడోసారి కూడా వేశాను.

దీన్ని ఏ పత్రిక వేసుకుంటుందో నాకు తెలియదు. ఆయన అడిగిన ముక్క మాత్రం ఇది. అది చావు దరువు కాదు, ప్రభ దరువు. నేను తప్పు స్పీడులో విన్నాను.